కొత్త పండుగ అవ్వకుండా మామిడికాయ ముట్టనంటున్న అమ్మమ్మ: పాడేరు కొండల వాళ్లెవరైనా చెప్పండి

కొండదిగినోడు | ఏప్రిల్ 3, రాత్రి 9:40

అందరికీ నమస్కారం. మా సొంతూరు పెదబయలు దాటి ఇంకా పైకెళ్లాలి. ఇరవై గడపల ఊరు. నేను ఐదో తరగతిలోనే ఆశ్రమ పాఠశాలకి వెళ్లిపోయాను. ఆ తరవాత చదువూ ఉద్యోగమూ విశాఖలోనే. ఊరు ఏడాదికోసారి చుట్టపు చూపుగా వెళ్లొచ్చే చోటు అయిపోయింది.

సంక్రాంతి తరవాత అమ్మమ్మకి కంటి శుక్లం ఆపరేషన్ చేయించి మా దగ్గరే ఉంచుకున్నాం. మాది గాజువాకలో మూడో అంతస్తు. ఆవిడకి లిఫ్ట్ అంటే భయం లేదు, టీవీ అంటే విసుగూ లేదు. రెండు విషయాల్లో మాత్రం అస్సలు లొంగట్లేదు. ఒకటి, రాత్రి పడుకునేటప్పుడు పక్కన నిప్పు ఉండాలంటుంది. ఏప్రిల్లో, విశాఖలో! రెండోది మామిడికాయ. మొన్న మా ఆవిడ మామిడికాయ పప్పు చేస్తే దాన్ని కంచంలో పక్కకి తోసేసి, ఉప్పూ మిరపకాయా నంజుకుని అన్నం తింది. "ఊళ్లో కొత్త అవ్వలేదు, నేనెలా తింటాను" అంటుంది. బజారులో కొన్న కాయకి ఊళ్లో పండక్కి ఏంటి సంబంధం అని అడిగితే "అదంతే" అని అటు తిరిగి పడుకుంది.

చిన్నప్పుడు కొత్త పండుగ చూసిన గుర్తుంది. ఎందుకు చేస్తారో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. తెలిసినవాళ్లు చెప్తే మా ఇంట్లో పప్పు గొడవ తీరుతుంది.

హైటెక్‌సిటీ_రాజు | ఏప్రిల్ 3, రాత్రి 10:15

బ్రో, ఇదంతా మన పూర్వీకుల సైన్స్. లేత కాయలో సొన ఎక్కువ, కడుపుకి పడదు. ముదిరాక తినండిరా అంటే ఎవరూ వినరు కాబట్టి పండుగ పెట్టారు. దీని మీద వాట్సాప్‌లో పెద్ద మెసేజ్ ఉండాలి, దొరికితే ఇక్కడ పెడతా.

రిటైర్డ్_మాస్టారు | ఏప్రిల్ 4, ఉదయం 6:05

బాబూ కొండదిగినోడూ, నువ్వు కొండ దిగావు, నేను కొండెక్కాను. 1979లో నన్ను ముంచింగిపుట్టు వైపు ఒక ఊళ్లో ఏకోపాధ్యాయ పాఠశాలకి వేశారు. బస్సు దిగాక మూడు గంటల నడక. పన్నెండేళ్లు ఆ చుట్టుపక్కలే తిరిగాను. నేను చూసింది చెప్తాను, తప్పుంటే అక్కడ పుట్టిన పిల్లలు దిద్దండి.

కొత్త అనేది మామిడికొక్కదానికే కాదు. సామ కొత్త, కొర్ర కొత్త, కంది కొత్త, చిక్కుడు కొత్త అని ఏ పంట చేతికొస్తే దానికొక కొత్త. ఆ ఏడాది ఆ గింజని మొదటిసారి నోట పెట్టే రోజన్నమాట. ఎవరిల్లు వాళ్లు రోజు పెట్టుకోవడం ఉండదు. దిసారి నక్షత్రం చూసి రోజు చెప్తాడు, ఊరి పెద్ద సరేనంటాడు, బారికి వీధిలో కేకేస్తాడు. కొత్త గింజ వండి ముందు ఊరి దేవతకి, తరవాత ఇంట్లో పోయిన పెద్దలకి పేరు పేరునా చెప్పి పెడతారు. మనుషుల వంతు ఆ తరవాతే. మామిడి కొత్త చాలా ఊళ్లలో చైత్రమాసంలో ఇటుకల పండుగతో కలిసి వస్తుంది.

ఆ పండుగ రోజుల్లో ఇంటింటి నుంచీ గుప్పెడు విత్తనాలు తెచ్చి శంకుదేవుడి దగ్గర కలిపి, పూజ చేసి, మళ్లీ పంచుకుంటారు. మగవాళ్లు వేటకి పోతారు. ఖాళీ చేతుల్తో తిరిగొస్తే ఆడవాళ్లు పేడనీళ్లు చల్లి మర్యాద చేస్తారు. 1972లో వన్యప్రాణి చట్టం వచ్చాక వేట క్రమంగా పేరుకే మిగిలింది, పేడనీళ్లు మాత్రం అలాగే ఉన్నాయి. ఇక దారికి అడ్డంగా వెదురు కర్ర పట్టుకుని వచ్చేపోయే వాళ్లని ఆపి డబ్బులు అడుగుతారు. పజోరు అంటారు దాన్ని. నేను కొత్తగా వెళ్లిన ఏడాది సరిగ్గా ఆ రోజుల్లోనే జీతం తీసుకుని వస్తూ దొరికిపోయాను. ఐదు రూపాయలు సమర్పించుకుంటే గానీ కర్ర లేవలేదు. పైగా నా మీద అప్పటికప్పుడు పాట కట్టి పాడారు. ఏమని పాడారో తెలియక నేనూ నవ్వుతూ నిలబడ్డాను. తరవాత అర్థమయ్యాక మళ్లీ ఎవర్నీ పాడమనలేదు.

ఇంకో ముచ్చట. నా హాజరు పట్టీలో నలుగురు సుక్రాలు, ముగ్గురు సోమ్రాలు, ఇద్దరు బుద్రాలు. పుట్టిన వారమే పిల్లాడి పేరు. పోనీ ఇంటిపేరుతో పిలుద్దామంటే అందరూ కిల్లోలూ కొర్రాలే! కిల్లో అంటే పులి, కొర్రా అంటే సూర్యుడు, పాంగి గద్ద, వంతల పాము, గొల్లోరి కోతి. ఒకే గోత్రం వాళ్లంతా అన్నదమ్ముల కిందే లెక్క, వాళ్లలో వాళ్లకి పెళ్లిళ్లు కుదరవు. ఆ సంగతి తెలియక ఒకరోజు పులి బొమ్మ చూపించి "ఇది క్రూరమృగం" అని పాఠం చెప్పాను. కిల్లో పిల్లలు ముఖాలు మాడ్చుకుని కూర్చున్నారు. నిజానికి నా పాఠం వాళ్లకి సగమే అర్థమయ్యేది. ఇళ్లలో మాట్లాడేది ఆదివాసీ ఒడియా. "నీళ్లు తేరా" అంటే నా ముఖం చూసేవాడు, "పాని" అంటే పరిగెత్తేవాడు. పుస్తకం తెలుగు, పిల్లాడు ఒడియా, మధ్యలో నేను.

కొండదిగినోడు | ఏప్రిల్ 4, ఉదయం 8:30

మాస్టారూ, చాలా సంతోషం అండీ. మాది తెలుగు మాట్లాడే ఇల్లే. బజారులో అమ్మమ్మ ఒడియాలో బేరమాడుతుంటే చిన్నప్పుడు వింతగా చూసేవాడిని. పెద్దలకి పేరు పేరునా చెప్పి పెట్టడం నాకూ గుర్తొచ్చింది. మరి విశాఖ బజారు కాయకి కూడా ఆ లెక్కేనా?

గరువు_రైతు | ఏప్రిల్ 4, మధ్యాహ్నం 1:20

మాది జి.మాడుగుల మండలం. ఎకరంన్నర కాఫీ, కొంచెం గరువు (మెట్ట నేల), కింద గెడ్డ (వాగు) పక్కన నాలుగు మళ్లు వరి. రాజు గారికి ఒక మాట. ప్రతిదాని వెనకా సైన్స్ ఉందని అంటే మాకు గౌరవం ఇచ్చినట్టు మీకు అనిపిస్తుంది. మాకేమో మా పెద్దలకి పెట్టే ముద్దని మీరు కడుపునొప్పి మందు కింద మార్చేసినట్టు ఉంటుంది. సొన వల్ల అయితే మామిడికి సరే, సామకి ఏం సొన ఉంది? కందికి?

అది బాకీ అండీ. ఆ చెట్టు వేసింది, ఆ కొండ నరికి చదును చేసింది పోయినవాళ్లు. పంట మొదటి ముద్ద వాళ్లది. పైగా ఊరందరికీ ఒకే రోజు. నా చెట్టు ముందు కాసిందని నేను ముందు తినడానికి లేదు. చెట్టు లేని ఇల్లు చూస్తూ ఉంటుంది కదా.

అలా అని పాత రోజులు బంగారం అనుకోకండి. సామ అన్నం ఇప్పుడు పట్నంలో డాక్టర్లు తినమంటున్నారట. మా అమ్మ చేతులు చూస్తే ఆ అన్నం ఎలా వచ్చేదో తెలిసేది. సామ గింజకి పొట్టు గట్టిగా పట్టుకుని ఉంటుంది. తెల్లవారుజామున లేచి రోట్లో దంచడం, చెరగడం, మళ్లీ దంచడం. ఒక పూట తిండికి రెండు గంటల రోకలి. 1983లో కిలో రెండు రూపాయల బియ్యం వచ్చాక మా ఇంట్లో ముందు సంతోషించింది అమ్మే. నాలుగైదేళ్లలో సామ సగానికి సగం తగ్గించేశాం. విత్తనం కూడా అలాగే పోయింది. మా తాత పొయ్యి మీద అటక మీద ఆనపబుర్రల్లో రకానికో బుర్ర చొప్పున దాచేవాడు. పొగ తగిలి పురుగు పట్టేది కాదు. ఇప్పుడు రేకుల ఇల్లు, గ్యాస్ పొయ్యి. అటకా లేదు, బుర్రలూ లేవు. తప్పెవరిదో నాకు తెలియదు, రోకలి పట్టని మగాణ్ణి నేను మాట్లాడకూడదు కూడా.

సంత సంగతి కూడా చెప్తా. తాత కాలంలో అడ్డాకుల కట్టలు, చింతపండు, కరక్కాయ, కొండచీపుర్లు కావడి వేసుకుని దిగేవారు. ఉప్పు, కిరసనాయిలు, ఒక గుడ్డ తీసుకుని ఎక్కేవారు. కుంచం షావుకారి చేతిలో ఉండేది, అది ఎప్పుడు నిండుతుందో ఆయన ఇష్టం. 1956లో గిరిజన సహకార సంస్థ పెట్టింది ఆ కుంచం గొడవకే. అది వచ్చాక కాటా వచ్చింది. కాటా దగ్గరా మాటలుంటాయి, అది వేరే కథ.

వీకెండ్_రైడర్ | ఏప్రిల్ 4, సాయంత్రం 7:12

ఈ థ్రెడ్ సూపర్. మేము డిసెంబర్లో బైకుల మీద లంబసింగి, వంజంగి వెళ్లాం. మబ్బులు కాళ్ల కింద! దారంతా వలిసె పూలు పచ్చగా. బొంగు చికెన్ తిన్నాం. అక్కడివాళ్లు ఎంత అదృష్టవంతులో అనిపించింది. టెన్షన్ లేదు, ఈఎంఐ లేదు. అక్కడే ఎకరం కొనుక్కుని చిన్న ఇల్లు కట్టుకోవాలని ఉంది. రేటు ఎంత ఉంటుందో ఎవరికైనా తెలుసా?

గరువు_రైతు | ఏప్రిల్ 4, రాత్రి 8:01

మీకు దొరకదు సార్. 1/70 చట్టం ఉంది. ఏజెన్సీలో గిరిజనేతరులు భూమి కొనడానికి లేదు. వేరేవాళ్ల పేరు మీద పెట్టిస్తామని ఎవరైనా చెప్తే నమ్మి డబ్బులు పోగొట్టుకోకండి. ఆ ఒక్క చట్టం లేకపోతే ఈ థ్రెడ్‌లో రాయడానికి నేనూ ఉండను, గరువూ ఉండదు.

లంబసింగిని మావాళ్లు కొర్రబయలు అంటారు. బయట పడుకున్నవాడు తెల్లారేసరికి కొర్రులా, అంటే కర్రలా, బిగుసుకుపోతాడని. మీరు ఫొటో తీసిన మబ్బు మాకు కాఫీ పండ్లు ఆరబెట్టుకోనివ్వని మబ్బు.

వలిసె పూలలోకి దిగి ఫొటోలు తీసుకోకండి దయచేసి. అవి నూనె గింజలు.

సబ్‌సెంటర్_అక్క | ఏప్రిల్ 5, రాత్రి 10:48

అదృష్టవంతులు అన్న మాట చూసి నిద్ర పట్టక రాస్తున్నా. పద్దెనిమిదేళ్లుగా ఏజెన్సీలో ఏఎన్ఎంగా చేస్తున్నాను.

డోలీ ఎలా కడతారో తెలుసా? ఒక గట్టి వెదురు బొంగు, దానికి రెండు కొసల్లో దుప్పటి ముడి. లోపల నొప్పులు పడుతున్న పిల్ల. ముందొకరు, వెనకొకరు, భుజం మార్చుకోవడానికి ఇంకో ఇద్దరు, పక్కన టార్చి పట్టుకుని అత్తగారు. వానాకాలం గెడ్డ పొంగితే ఒడ్డున కూర్చుని నీళ్లు తగ్గేదాకా చూడాలి. నేనూ అలా కూర్చున్నాను. ఒకసారి గెడ్డ ఒడ్డునే కాన్పు చేశాను. తల్లీ బిడ్డా బాగున్నారు, ఆ పిల్లకి గంగ అని పేరు పెట్టారు. అన్నీ అలా అవ్వలేదు, అవి రాయను.

ఇప్పుడు మార్పు లేదని కాదు. బైకు అంబులెన్సులు వచ్చాయి. నెలలు నిండేముందే తీసుకొచ్చి ఉంచడానికి గర్భిణుల వసతి గృహాలు ఉన్నాయి. 2022లో పాడేరు జిల్లా కేంద్రం అయ్యాక పెద్ద డాక్టర్ల కోసం ఘాట్ రోడ్డు దిగాల్సిన పని కొంత తగ్గింది. రోడ్డు ఆగిపోయిన చోట డోలీ మొదలవుతుంది, అంతే. పిలిచినా వసతి గృహానికి రాని ఆడవాళ్లున్నారు. ఇంట్లో ఇద్దరు పిల్లలు, మేకలు, కోతకొచ్చిన చోళ్లు (రాగులు). ఎవరు చూస్తారు? వాళ్లని మూఢనమ్మకం అని తిట్టేవాళ్లకి నేను చెప్పేది ఇదే, ముందు ఆ మేకల్ని ఎవరు కాస్తారో చెప్పండి.

మాస్టారూ, మీ రోజుల్లో మన్యం జ్వరం అంటే బదిలీ రద్దు చేయించుకునేవారట కదా. జూన్ నుంచి అక్టోబరు దాకా మలేరియా ఇప్పటికీ మాకు పరీక్షే. కాకపోతే అక్కడికక్కడే రక్తం చుక్క పరీక్ష, మందు ఉన్నాయి.

కొండదిగినోడు తమ్ముడూ, అమ్మమ్మ నిప్పు సంగతి. తలుపులు మూసిన గదిలో బొగ్గుల కుంపటి మాత్రం పెట్టకు. ఊళ్లో గడ్డి కప్పులోంచి పొగ పోతుంది, ఫ్లాట్‌లో పోదు, ప్రాణం మీదకొస్తుంది. పొగలో వండిన ఆడవాళ్లకి శుక్లాలు, ఆయాసం ఎలాగూ ఎక్కువే. ఆపరేషన్ అయిన కన్ను జాగ్రత్త. వేడినీళ్ల బ్యాగు గుడ్డలో చుట్టి కాళ్ల దగ్గర పెట్టి చూడు.

రిటైర్డ్_మాస్టారు | ఏప్రిల్ 6, ఉదయం 5:50

అమ్మా, నిజమే. నాకూ ఆర్డరు చేతికి రాగానే మా నాన్న తిరుపతి కొండకి మొక్కుకున్నాడు. రెండుసార్లు వచ్చింది జ్వరం. రెండోసారి నన్నూ డోలీలోనే దించారు. మోసినవాళ్లలో ఇద్దరు నా పాత విద్యార్థులు. దారంతా ఎక్కాలు అప్పజెప్పారు, నన్ను నవ్వించడానికి.

టర్బైన్_తాతయ్య | ఏప్రిల్ 6, ఉదయం 11:30

నేను 80ల్లో సీలేరు జలవిద్యుత్ కేంద్రంలో పనిచేశాను. అందరూ బాగా రాస్తున్నారు గానీ ఒక్క మాట ఎవరూ అనట్లేదు. పోడు వల్ల ఎన్ని కొండలు గుండయ్యాయో కళ్లారా చూసినవాణ్ణి. మార్చి, ఏప్రిల్ నెలల్లో రాత్రిపూట కొండల మీద మంటల దండలు కనిపించేవి. చూడ్డానికి బాగుండేది. తొలకరికి ఆ మట్టంతా కొట్టుకొచ్చి రిజర్వాయర్లో పడేది, పూడిక మా నెత్తిన. సంప్రదాయం అని అన్నిటికీ దండం పెట్టకూడదు.

గరువు_రైతు | ఏప్రిల్ 6, మధ్యాహ్నం 2:45

తాతయ్య గారూ, మంటలు నిజమే. అబద్ధం ఆడను. పోడు ఎలా చేసేవారో మాత్రం వినండి.

మాఘం, ఫాల్గుణం నెలల్లో తుప్పలు కొట్టి ఎండబెడతారు. ఇప్ప, చింత, మామిడి, పనస, కల్లిచ్చే జీలుగు ముట్టరు. వానలకి ముందు కాలుస్తారు. ఆ బూడిదే ఎరువు. దున్నడం లేదు, ఏటవాలు మీద నాగలి పెడితే మట్టి నిలవదు. గునపంతో గిల్లి విత్తుతారు, సామ, చోడి, కంది, జొన్న, చిక్కుడు అన్నీ కలిపి. ఒకటి పోతే ఇంకోటి దక్కుతుంది. రెండు మూడేళ్లు పండించి వదిలేసి ఇంకో వాలుకి పోతారు. వదిలిన కొండ పదేళ్లకి పైగా అలాగే ఉండి మళ్లీ అడవి లేచేది. అదీ పద్ధతి.

ఆ పదేళ్లు ఎందుకు మూడేళ్లయిందో అడగండి. జనం పెరిగారు, అది మా లెక్క. రిజర్వు అడవి గీత గీసి సగం కొండలు తీసేశారు, అది బ్రిటిషు వాళ్ల లెక్క. మాచ్‌ఖండ్ కరెంటు 1955లో మొదలైంది. దాని కోసం కట్టిన జోలాపుట్ రిజర్వాయరు నీళ్ల కింద పల్లపు మళ్లు మునిగినవాళ్లు ఎక్కడికి పోయారు? పైకి. పైకి పోయి ఏం చేశారు? పోడు. మీ రిజర్వాయరు పూడిక గురించి మీరు చెప్పారు, పూడికకి ముందు ఆ గుంటలో ఏముండేదో నేను చెప్పాను.

2006 అటవీ హక్కుల చట్టం వచ్చాక 2005 డిసెంబరు 13 నాటికి సాగులో ఉన్న పోడుకి పట్టాలిచ్చారు. మాకూ కొంత వచ్చింది. అందులో సిల్వర్ ఓక్ నీడన కాఫీ వేశాం, చెట్లకి మిరియం పాకించాం. కాఫీ వచ్చాక నేను కొండ కాల్చలేదు. తాత పండించిన తొమ్మిది రకాల గింజలూ పండించలేదు. 2019లో అరకు కాఫీకి జీఐ (భౌగోళిక) గుర్తింపు వచ్చిందని పేపర్లో చదివి సంతోషించాను. ఆ సాయంత్రమే కందిపప్పు కొట్లో కొనుక్కొచ్చాను.

టర్బైన్_తాతయ్య | ఏప్రిల్ 6, సాయంత్రం 6:20

జోలాపుట్ మాట ఒప్పుకుంటాను. కాలువ గట్లు, కరెంటు లెక్కలు తప్ప అటు చూడలేదు మేము. మట్టి కోత గురించి నా మాట మార్చుకోను. ఇద్దరం ముసలాళ్లం కాకపోయినా నేనైతే ముసలాణ్ణి, ఇక్కడితో ఆపుతాను.

హైటెక్‌సిటీ_రాజు | ఏప్రిల్ 6, రాత్రి 9:03

గరువు అన్నా, సైన్స్ మాట వెనక్కి తీసుకుంటున్నా. మెసేజ్ కూడా దొరకలేదు.

రంప_అమ్మాయి | ఏప్రిల్ 8, రాత్రి 7:30

మాది రంపచోడవరం పైన, మారేడుమిల్లి వైపు. కొండరెడ్లం. మా దగ్గర కూడా మామిడి పండుగ చేయకుండా కాయ కొరకరు. అమ్మమ్మ గారి వైపు మాట్లాడదామనే లాగిన్ అయ్యాను.

గరువు అన్న చెప్పిన బాకీ మాట నిజం. మా నాయనమ్మ ఇంకోటి కూడా చెప్పేది. "లేతకాయ తిన్నవాడు టెంక పారేసినట్టే." మీకు మామిడి అంటే పండు, మాకు వానాకాలం మామిడి అంటే టెంక. ఆషాఢం నుంచి భాద్రపదం దాకా ఇంట్లో గింజలు అయిపోయేవి, కొత్త పంట ఇంకా చేలోనే. ఆ మూడు నెలలు గడిపింది టెంక అంబలితోనే. పండ్లు తిన్నాక టెంకలన్నీ ఎండబెట్టి అటకెక్కించేవారు. అవసరమైనప్పుడు పగలగొట్టి లోపలి జీడి తీసి, దంచి, ఆ పిండి గుడ్డలోనో బుట్టలోనో కట్టి పారే వాగులో పెట్టేవారు. వగరు పోయేదాకా నీళ్లు దాని మీంచి పారాలి. అప్పుడు అంబలి. జీలుగు మాను పడితే దాని లోపలి గుజ్జు కూడా ఇలాగే పిండి చేసేవారు. కల్లు తాగే చెట్టునే ఆఖర్న తినేస్తాం అని నాయనమ్మ నవ్వేది.

నాకు ఆ అంబలి రుచి గుర్తుంది, ఇష్టం మాత్రం లేదు. మా అమ్మకి వాసన కూడా పడదు. చిన్నప్పుడు ఆకలికి సరిగ్గా నాననివి తిని ఊళ్లో వాంతులు పట్టుకున్నాయట. కాబట్టి దీన్ని ఎవరూ ఆర్గానిక్ ఫుడ్ అని మొదలుపెట్టకండి.

డల్లాస్_డైరీ | ఏప్రిల్ 9, ఉదయం 4:10

మా పక్క ఇండియన్ స్టోర్‌లో సామలు దొరుకుతాయి. పొట్టు తీసినవే అని ఇప్పుడే ప్యాకెట్ తిప్పి చూశాను. రెండు గంటల రోకలి చదివాక అన్నం మాడబెట్టడానికి సిగ్గేసింది. ఒకటికి ఎన్ని నీళ్లు పోయాలి?

సబ్‌సెంటర్_అక్క | ఏప్రిల్ 9, ఉదయం 6:30

అరగంట నానబెట్టి, ఒకటికి రెండున్నర. మెత్తగా కావాలంటే మూడు.

మోడరేటర్ | ఏప్రిల్ 9, ఉదయం 10:00

జీలుగు కల్లు పార్సిల్ దొరుకుతుందా అని అడిగిన మూడు పోస్టులు తీసేశాం. అది చెట్టు కింద తాగేది, సాయంత్రానికే పులిసిపోతుంది. విషయం మీద ఉండండి.

కొండదిగినోడు | ఏప్రిల్ 22, రాత్రి 9:15

ఆలస్యానికి క్షమించండి. మొన్న ఊళ్లో కొత్త అయింది. మేనమామ సిగ్నల్ కోసం గుట్ట ఎక్కి ఫోన్ చేశాడు. వెనక డప్పూ కొమ్మూ వినిపిస్తున్నాయి, ధింసా మొదలైనట్టుంది. అమ్మమ్మ ఫోను చెవికి కాకుండా కళ్ల ముందు పెట్టుకుని వింది. నాకూ వెళ్లాలనే ఉంది, సెలవు దొరకలేదు.

హమ్మయ్య అనుకుని మా ఆవిడ మర్నాడే మామిడికాయ పప్పు చేసింది. మళ్లీ పక్కకి తోసేసింది! "ఇది ఎవరి చెట్టుదో" అంటుంది. ఊళ్లో కొత్త అయింది మా చెట్టు కాయకట. ఈ చెట్టు వాళ్లు వాళ్ల పెద్దలకి పెట్టారో లేదో మనకేం తెలుసు అని అడిగింది. నా దగ్గర సమాధానం లేదు. మార్కెట్‌లో కాయలమ్మే ఆవిడని అడిగి రమ్మంటుందేమోనని భయపడ్డాను.

చివరికి మేనమామ బస్సులో గోనెసంచి వేశాడు. పాడేరు ఘాట్‌లో దొర్లి సగం కాయలకి దెబ్బలు. రాత్రి అమ్మమ్మ వంటగదిలో ఒక మూల తుడిచి, ఆకు లేదు కాబట్టి స్టీలు పళ్లెంలో, కాయ కోసి పెట్టి పేర్లు చెప్పింది. పదకొండు పేర్లు. నాకు నాలుగు తెలుసు. మిగతావి రాసుకుందామని ఫోను తీస్తే "తరవాత చెప్తాను, ముందు తిను" అంది.

మాస్టారూ, మీరు చెప్పిన పజోరు పాట కూడా అడిగాను. చిన్నపిల్లల ముందు పాడను అంది. నాకు ముప్పై ఆరేళ్లు.

రిటైర్డ్_మాస్టారు | ఏప్రిల్ 23, ఉదయం 5:40

ఆవిడకి నా నమస్కారం చెప్పు. పాట వద్దు.

గరువు_రైతు | ఏప్రిల్ 23, ఉదయం 7:55

పేర్లు రాసుకో తమ్ముడూ. మా నాన్న పోయాక నాకు ఆరే మిగిలాయి.

కొండదిగినోడు | మే 25, ఉదయం 8:20

పేర్లు రాసుకున్నాను. నిప్పు గొడవ వేడినీళ్ల బ్యాగుతో తీరింది, అక్కకి థాంక్స్. ఇప్పుడు కొత్త సమస్య. రంప అమ్మాయి గారే ఆదుకోవాలి.

నెలరోజులుగా మేము తిన్న ప్రతి మామిడిపండు టెంకా అమ్మమ్మ దాచిందట. బాల్కనీలో చాప మీద ఆరబెట్టింది, పొద్దున లెక్కపెడితే నూట పద్నాలుగు. ఇవి బజారు పండ్లవే. పళ్లు తిననంది గానీ టెంకలకి పట్టింపు లేదట. కింద ఫ్లాట్ వాళ్లు చీమలు వస్తున్నాయని ఫిర్యాదు చేశారు. రేషన్ బియ్యం ఉంది కదా అమ్మమ్మా అంటే "ఉందిలే" అంటుంది, మళ్లీ వెళ్లి అటూ ఇటూ తిప్పుతుంది. ఇవి ఎన్ని రోజులు ఎండాలి?

రంప_అమ్మాయి | మే 25, ఉదయం 9:05

టెంక పట్టుకుని చెవి దగ్గర ఊపండి. లోపల జీడి గలగలమంటే ఎండినట్టు. అప్పటిదాకా కదపకండి, ఆవిడ ఊరుకోదు.

సబ్‌సెంటర్_అక్క | మే 25, ఉదయం 9:40

వానకి తడిసి బూజు పట్టినవి మాత్రం అమ్మమ్మ చూడకుండా తీసెయ్. మిగతావి ఉంచు. అంబలి చేస్తానంటే పారే నీళ్లు కావాలి, గిన్నెలో నానబెడితే వగరు పోదు.

కొండదిగినోడు | మే 25, రాత్రి 9:50

పారే నీళ్ల మాట చదివి వినిపించాను. మన అపార్ట్‌మెంట్ నీళ్ల ట్యాంకు ఏ మూల ఉందని అడుగుతోంది.